సిరాలోకం: గొంతు విప్పితే తెరుచుకునే దేశం

ఓంబ్రా నగరంలో రాతగాడి బల్ల మీద ఈక కలం ఉంటుంది, సిరాబుడ్డి ఉంటుంది, వాటి పక్కన చిన్న గాజు మనిషి ఉంటాడు. కలం మొన చెక్కడం, సిరా కలపడం, రాసిన పేజీ మీద ఇసుక చల్లి తడి ఆర్పడం అతని పని. ఒళ్లంతా గాజు కాబట్టి జారిపడితే చెయ్యో కాలో విరుగుతుంది. ముసలి రచయిత ఫెనోగ్లియో ఇంట్లో ఉన్న గాజు మనిషి పేరు రోసెన్‌క్వార్ట్జ్. యజమాని కలం పక్కన పెట్టి ద్రాక్షసారా ముందు కూర్చుంటే మొహం మీదే మందలిస్తాడు. రాతకు సాయం చేయడానికే ఒక జాతి పుట్టిందంటే ఆ దేశంలో సిరా విలువ ఎంతో ఊహించుకోవచ్చు.

ఆ దేశాన్ని పాఠకులు ఇంక్‌వరల్డ్ అంటారు. మనం సిరాలోకం అనుకుందాం. జర్మన్ రచయిత్రి కార్నేలియా ఫుంకె దీన్ని మూడు నవలల్లో కట్టారు. మొదటిది ‘ఇంక్‌హార్ట్’ 2003లో, ‘ఇంక్‌స్పెల్’ 2005లో, ‘ఇంక్‌డెత్’ 2007లో జర్మన్‌లో వచ్చాయి. చాలా ఏళ్ల విరామం తర్వాత 2023లో నాలుగో పుస్తకం వచ్చింది. పిల్లల పుస్తకాల అరలో ఉంటాయి గానీ, రాత అంటే ఏమిటో, చదవడం అంటే ఏమిటో ఇంత లోతుగా ఆలోచించిన కథలు పెద్దల సాహిత్యంలోనూ అరుదు.

సిరాలోకంలో రాసిన మాట నిజమవుతుంది. అయితే సిరా ఒక్కటే ఆ పని చేయలేదు. తగిన గొంతు ఉన్నవాళ్లు పైకి చదివితేనే అక్షరం కదులుతుంది. రాసే చేయి, చదివే గొంతు కలిసినప్పుడు పుట్టేది ఆ ఇద్దరి మాటా వినదు. ఈ దేశపు చరిత్ర అంతా ఆ నియమం చుట్టూనే తిరుగుతుంది.

వెళ్లే దారి

మో అనే అతను పుస్తకాలకు అట్టలు వేసి కుట్టే పనివాడు. అతని గొంతులో ఒక శక్తి ఉంది. కథ పైకి చదివితే అందులోని వస్తువులో, మనుషులో బయటికి వస్తారు. దానికి బదులుగా ఇక్కడున్నదేదో పుస్తకంలోకి పోతుంది. ఏది రావాలో, ఎవరు పోవాలో చదివేవాడి చేతిలో లేదు. ఒక రాత్రి మో ‘ఇంక్‌హార్ట్’ అనే పాత కథ పైకి చదివాడు. కాప్రికార్న్ అనే దుర్మార్గుడు, కత్తి తిప్పే అతని అనుచరుడు బాస్టా, నిప్పుతో ఆడే డస్ట్‌ఫింగర్ గదిలోకి వచ్చి నిలబడ్డారు. మో భార్య రెసా, ఇంట్లోని రెండు పిల్లులు మాయమయ్యాయి. అప్పటికి వాళ్ల కూతురు మెగ్గీకి మూడేళ్లు. ఆ తర్వాత తొమ్మిదేళ్లపాటు మో తన బిడ్డకు ఒక్క కథ కూడా పైకి చదవలేదు. ఇంటి నిండా పుస్తకాలున్నా నాన్న గొంతులో కథ వినని పిల్ల మెగ్గీ. మొదటి నవలలోని బాధంతా ఇక్కడే ఉంది.

ఈ నియమాన్ని ఫుంకె చాలా నిజాయితీగా పాటించారు. కాప్రికార్న్ బలవంతం మీద మో ‘ట్రెజర్ ఐలండ్’ చదివితే బంగారం రాలింది. వెయ్యిన్నొక్క రాత్రుల కథలు చదివితే బంగారంతో పాటు ఫరీద్ అనే అరబ్బు కుర్రాడు కూడా వచ్చాడు. అతన్ని ఎవరూ పిలవలేదు, తిరిగి పంపే దారీ లేదు. కాప్రికార్న్ దగ్గర అదే విద్య ఉన్న డారియస్ అనే మరో మనిషి ఉన్నాడు. భయంతో అతని నోరు తడబడుతుంది. తడబడుతూ చదివితే వచ్చిన మనుషులు ఏదో ఒక లోపంతో వస్తారు. ఒకడికి మొహం చదునైపోయింది. రెసా అలాగే తిరిగొచ్చింది గానీ ఆమెకు మాట పోయింది. ఒక అక్షరం తప్పు పలికితే ఒక మనిషి బతుకు మారిపోవడం ఈ కథలో అలంకారం కోసం చెప్పిన మాట కాదు, కళ్లెదుట జరిగే సంగతి.

బయటికి వచ్చిన వాళ్ల సంగతి ఇది. లోపలికి వెళ్లే దారిని రెండో నవలలో మెగ్గీ కనిపెట్టింది. ఓర్ఫియస్ అనే చదువరి డస్ట్‌ఫింగర్‌ను అతని సొంత లోకానికి పంపడానికి కొన్ని వాక్యాలు రాశాడు. మెగ్గీ వాటిని కాస్త మార్చి, తనను, ఫరీద్‌ను అందులో చేర్చి చదివింది. చదువుతూ చదువుతూనే తను చదువుతున్న అడవిలో అడుగు పెట్టింది.

అడవికి ఇటూ అటూ

సిరాలోకం మధ్యయుగపు ఇటలీని తలపిస్తుంది. మధ్యలో దారి తెలియని మహారణ్యం. దానికి ఒకవైపు ఓంబ్రా. కొండ మీద కోట, దిగువన సంత, ఇరుకు వీధులు, నూలు వడికేవాళ్లు, రొట్టెలు కాల్చేవాళ్లు, పుస్తకాలు రాసేవాళ్లు. అడవికి అవతల చీకటి కోట. అక్కడ ఆడర్‌హెడ్ అనే క్రూరుడు రాజ్యం చేస్తాడు. వెండి అంటే అతనికి పిచ్చి. ఆ వెండి కోసం గనుల్లోకి పిల్లల్ని కూడా దింపుతాడు.

ఈ రెండు కోటల మధ్య తిరిగే జనమే ఈ దేశానికి అందం. తాడు మీద నడిచేవాళ్లు, పాటగాళ్లు, నిప్పు ఊదేవాళ్లు, గారడీవాళ్లు ఒక సంచార సమూహంగా బతుకుతారు. ఏ రాజు రక్షణా వాళ్లకు లేదు. వాళ్లకు పెద్దదిక్కు బ్లాక్ ప్రిన్స్. అతని వెంట ఒక ఎలుగుబంటి నడుస్తుంది. వార్తలు ఊరూరా మోసేదీ, పాటలు కట్టి పాడేదీ వీళ్లే. చదువు రాని జనానికి సిరాలో ఉన్నదాన్ని అందించే గొంతు వీళ్లదే కాబట్టి పాలకులకు వీళ్లంటే గిట్టదు.

చెట్ల మీద గూళ్లు కట్టుకునే నీలిరంగు కిన్నెరలు, తేనె కూర్చే అగ్ని కిన్నెరలు అడవిలో ఉంటారు. అగ్ని కిన్నెరల తేనె రుచి చూసినవాడికి నిప్పుతో మాట్లాడే విద్య అబ్బుతుంది. డస్ట్‌ఫింగర్ విద్య అదే. మనిషి ప్రాణం పోయే వేళకు శ్వేతవనితలు వస్తారు. వాళ్లు మృత్యువు పంపిన ఆడవాళ్లు. ఆడర్‌హెడ్ లోకంలో భయపడేది వాళ్లకు మాత్రమే. అతని ఆ భయమే ఈ కథలో అన్ని అనర్థాలకూ మూలం.

ఓంబ్రా కోటలో వయోలాంటె ఉంటుంది. ఆడర్‌హెడ్ కూతురు, ఓంబ్రా యువరాజు కోసిమో భార్య. మొహం మీద పుట్టుమచ్చ ఉందని జనం ఆమెను ‘కురూపి’ అని పిలుస్తారు. తండ్రి, భర్త ఇద్దరూ పట్టించుకోని ఆ అమ్మాయి పుస్తకాల్లో తలదాచుకుంది. ఆమె చలవతోనే బాల్బులస్ అనే మహా చిత్రకారుడు కోటలో గ్రంథాలకు బొమ్మలు వేస్తున్నాడు. తర్వాతి రోజుల్లో సిరాలోకానికి వచ్చిన మో, తన తలకు వెల ఉన్నప్పుడు, శత్రు సైనికుల కాపలాలో ఉన్న అదే కోటలోకి, బాల్బులస్ పుస్తకాలు ఒక్కసారి చూడాలన్న ఆశతో నడిచి వెళ్తాడు. పుస్తకాలు కుట్టే మనిషికి అంతకన్నా పెద్ద ప్రలోభం ఉండదని ఫుంకెకు తెలుసు.

చెట్టు గాయంలోంచి సిరా

ఇలాంటి కోటల్లో నిజంగా వాడిన సిరా గురించి చెప్పకపోతే ఈ దేశం సగమే అర్థమవుతుంది. మధ్యయుగం నుంచి 19వ శతాబ్దం దాకా ఐరోపా ఎక్కువగా రాసింది మాచికాయ సిరాతో. ఒక రకం కందిరీగ ఓక్ చెట్టు కొమ్మ మీద గుడ్డు పెడితే, చెట్టు ఆ చోట గుండ్రటి కాయలాంటి బుడిపెను పెంచుతుంది. అదే మాచికాయ. దాన్ని దంచి నానబెట్టి, ఆ కషాయంలో అన్నభేది కలుపుతారు. కలం మొనకు పట్టి నిలవడానికి జిగురు చేరుస్తారు. మన తుమ్మజిగురు లాంటిదే అది.

రాసినప్పుడు ఈ సిరా పలచగా, వెలిసినట్టు ఉంటుంది. గాలి తగిలే కొద్దీ నల్లబడుతుంది. తోలు కాగితంలోకి దిగిపోతుంది కాబట్టి తుడిస్తే పోదు, కత్తితో గీకాలి. దీనిలో ఒక ప్రమాదమూ ఉంది. ఆమ్లం పాలు ఎక్కువైతే శతాబ్దాలు గడిచే కొద్దీ ఆ సిరాయే కాగితాన్ని తినేస్తుంది. సంగీతకారుడు బాఖ్ చేతిరాత ప్రతులు కొన్ని ఇలాగే దెబ్బతిన్నాయి. అక్షరం ఉన్నచోటే కాగితం చిల్లులు పడింది. నిలబెట్టడానికి పుట్టిన సిరా నాశనం కూడా చేస్తుందని రసాయనమే చెబుతోంది.

మన తాటాకు గ్రంథాల్లో వరుస వేరు. గంటంతో ముందు ఆకును గీస్తారు. తర్వాత మసి పూసి తుడిస్తే ఆ గీతల్లో నలుపు నిలిచి అక్షరం బయటపడుతుంది. ఐరోపాలో తోలు మీద సిరా, దాని పక్కన ఇంగిలీకపు ఎరుపు, ఆఫ్ఘనిస్థాన్‌లోని బదఖ్షాన్ గనుల నుంచి వచ్చిన రాజావర్తం రాయి నూరితే వచ్చే నీలం, పలచటి బంగారు రేకు. బాల్బులస్ వంటి చిత్రకారుల బల్ల మీద ఉండేవి ఇవే. ఒక్క నీలపు అక్షరం వెనుక ఖండాలు దాటిన వర్తకం ఉండేది.

రాసినవాడి చేయి దాటిన రాత

సిరాలోకానికి సృష్టికర్త కథలోనే ఉన్నాడు. ‘ఇంక్‌హార్ట్’ అనే ఆ పాత పుస్తకం రాసింది ఫెనోగ్లియో. మొదటి నవల చివర్లో అతనే తన పుస్తకంలోకి జారిపోతాడు. తను కల్పించిన నగరంలో గది అద్దెకు తీసుకుని, తను కల్పించిన రాజు కొలువులో కవిగా కుదురుకుంటాడు. తన అడవిలో నడుస్తూ తన కిన్నెరల్ని చూసి మురిసిపోతాడు. ఆ మురిపెం ఎక్కువ కాలం నిలవలేదు.

అతను రాయని సంగతులు జరగడం మొదలైంది. అందాల యువరాజు కోసిమో నిప్పు పెట్టే దొంగలతో పోరాడుతూ చనిపోయాడు. ఆ చావు ఫెనోగ్లియో కథలో లేదు. నవ్వుతూ ఉండే ముసలి రాజు కొడుకు చావుతో నిట్టూర్పుల రాజయ్యాడు. సరిదిద్దుతానని ఫెనోగ్లియో మళ్లీ కలం పట్టాడు. కోసిమో లాంటి మరో మనిషిని రాశాడు, మెగ్గీ చదివింది. అచ్చం కోసిమో రూపంలో ఒకడు వచ్చాడు. అతనికి జ్ఞాపకాలు లేవు. జనం చెప్పిందే అతని గతం. ఆ ఖాళీ మనిషి ఓంబ్రా మగవాళ్లను వెంటబెట్టుకుని ఆడర్‌హెడ్ మీదికి యుద్ధానికి వెళ్లాడు. అతనూ తిరిగి రాలేదు, వెళ్లినవాళ్లలో చాలామంది తిరిగి రాలేదు. ఓంబ్రా ఆడవాళ్ల నగరమైపోయింది. ఒక రచయిత మంచి మనసుతో రాసిన పేజీకి ఊరు చెల్లించిన మూల్యం అది.

బ్లూజే సంగతి ఇంకా విచిత్రం. పేదల పక్షాన నిలిచే దొంగ ఒకడిని ఊహించి ఫెనోగ్లియో పాటలు రాశాడు. ఆ దొంగకు ఒక మొహం కావాలి కాబట్టి తనకు తెలిసిన మో మొహం ఇచ్చాడు. పాటగాళ్లు ఆ పాటల్ని ఊరూరా మోశారు. కొంతకాలానికి మో ఆ దేశంలో అడుగుపెట్టేసరికి అందరూ అతన్నే బ్లూజే అన్నారు. పుస్తకాలు కుట్టడం తప్ప కత్తి పట్టడం తెలియని మనిషి మెల్లగా ఆ పాటలోని మనిషే అయిపోయాడు. చంపడం నేర్చుకున్నాడు. అందులో తనకు ఇష్టం కలుగుతోందని గ్రహించి భయపడ్డాడు. తన భర్త ఎక్కడ ముగుస్తున్నాడో, పాట ఎక్కడ మొదలవుతోందో రెసాకు తెలియకుండా పోయింది.

ఖాళీ పుస్తకం

ఈ దేశంలో అత్యంత శక్తిమంతమైన గ్రంథంలో ఒక్క అక్షరం లేదు. చీకటి కోటలో మో బందీగా ఉన్నప్పుడు అతని ప్రాణం కాపాడుకోవడానికి ఒక ఒప్పందం కుదిరింది. మో ఆడర్‌హెడ్‌కు తెల్ల కాగితాల పుస్తకం ఒకటి కుట్టివ్వాలి. అది ఉన్నంతకాలం అతనికి చావు లేదు. అందులో మూడు మాటలు రాస్తే మాత్రం ఆ క్షణమే పోతాడు. ఇంగ్లిష్‌లో ఆ మూడు మాటలు హృదయం, మంత్రం, మరణం. జర్మన్‌లో రెండోది రక్తం. మూడు నవలల పేర్ల చివర ఉన్న మాటలే అవి.

మో ఆ కాగితాలకు తేమ పట్టించి కుట్టాడు. పుస్తకం కుళ్లడం మొదలైంది. చావు రాని రాజు శరీరం కూడా పుస్తకంతో పాటు కుళ్లింది. బతికున్నవాడి దగ్గర శవం వాసన. చావును ఆపే పుస్తకం కుట్టిన నేరానికి మృత్యువు మో మీదనే కోపం పెట్టుకుంది. మూడు మాటలు రాసి ఆడర్‌హెడ్‌ను తనకు అప్పగించకపోతే మోతో పాటు మెగ్గీని కూడా తీసుకుపోతానంది. అలా ఒక పుస్తకాల పనివాడు తను చేసిన పుస్తకంలోనే మూడు మాటలు రాయడానికి చివరి నవల అంతా ప్రాణాలకు తెగించి నడుస్తాడు. రాసేశాడు, రాజు కూలిపోయాడు. కలం కత్తికన్నా గొప్పదన్న మాటను వేదికల మీద ఎన్నోసార్లు విన్నాం. ఆ మాటకు ఎంత ఖర్చవుతుందో ఇక్కడ చూస్తాం.

అరువు మాటలు

ఫెనోగ్లియో తప్పులు చేశాడు గానీ తన లోకాన్ని ప్రేమించాడు. తర్వాత అక్కడికి చేరిన ఓర్ఫియస్ దాన్ని వాడుకున్నాడు. అతనికి మంచి గొంతుంది, తెలివుంది, సొంత మాట లేదు. ఫెనోగ్లియో పుస్తకంలోని పదాలు ఏరి, మళ్లీ కూర్చి, తనకు కావలసినవి రప్పించుకుంటాడు. ముందు ధనం రప్పించాడు, ఇల్లు కట్టాడు, నౌకర్లను పెట్టాడు. ఆ తర్వాత నీలి కిన్నెరలు చాలవని రంగురంగుల కిన్నెరల్ని తెచ్చి వదిలాడు. అవి వచ్చి పాతవాటి గూళ్ల మీద పడ్డాయి. రాజ్యం చేసే క్రూరులకు కావలసినవి రాసిపెట్టి మంచివాడనిపించుకున్నాడు.

ఇంకొకరి మాటల్ని కోసి అతికించి తన రాత అని చెప్పుకోవడం ఎంత తేలికో, ఆ పనికి లోకం ఎంత నష్టపోతుందో చెప్పడానికి ఫుంకె ఈ పాత్రను వాడుకున్నారు. ఈ పుస్తకాలు వచ్చి ఏళ్లు గడిచాయి. ఓర్ఫియస్ ఇవాళ మనకు మరింత దగ్గరి మనిషిగా కనిపిస్తాడు. 2023లో వచ్చిన నాలుగో పుస్తకంలో అతను డస్ట్‌ఫింగర్ మీద పగ తీర్చుకోవడానికి మళ్లీ వస్తాడు. దొంగ రాతగాడు అంత తేలిగ్గా పోడు.

పటం మీద వెతికితే

ఈ దేశపు మట్టి ఇటలీది. కార్నేలియా ఫుంకె 1958లో జర్మనీలోని డోర్‌స్టెన్ పట్టణంలో పుట్టారు. సామాజిక కార్యకర్తగా పిల్లల మధ్య పనిచేశారు. తర్వాత ఇతరుల పుస్తకాలకు బొమ్మలు వేశారు. ఆ కథలు తృప్తినివ్వక తనే రాయడం మొదలుపెట్టారు. బొమ్మలు గీసిన చేయి కాబట్టే బాల్బులస్ రంగుల గురించి అంత ప్రేమగా రాయగలిగారు. చాలాకాలం కాలిఫోర్నియాలో ఉండి, ఇప్పుడు టస్కనీ ప్రాంతంలోని వోల్తెర్రా అనే పాత కొండ పట్టణంలో స్థిరపడ్డారు. మూడు నవలల్నీ ఇంగ్లిష్‌లోకి తెచ్చింది ఆంథియా బెల్. ఆస్టెరిక్స్ బొమ్మల కథలను ఇంగ్లిష్ చేసిన ఇద్దరిలో ఆమె ఒకరు.

2008లో ‘ఇంక్‌హార్ట్’ సినిమాగా వచ్చింది. మో పాత్ర ఊహించుకునేటప్పుడు రచయిత్రి మనసులో ఉన్న నటుడు బ్రెండన్ ఫ్రేజరే ఆ పాత్ర వేశారు. కాప్రికార్న్ ఊరి కోసం లిగూరియా ప్రాంతంలో జనం వదిలేసిన బలెస్ట్రీనో పాత ఊరిని వాడుకున్నారు. సినిమా మొదటి నవలతోనే ఆగిపోయింది. ఓంబ్రా వీధుల్లో తిరగాలంటే ఇవాళ్టికీ పుస్తకమే దారి.

పిల్లలకు పైకి చదవండి

సిరాలోకాన్ని మాయల దేశంగా చూసి వదిలేస్తే తక్కువ చేసినట్టే. అక్కడి మాయకు మూలం మనందరి ఇళ్లలో ఉన్నదే. ఒక మనిషి పుస్తకం తెరిచి మరొకరికి పైకి చదవడం. మన పల్లెల్లో రాత్రిపూట ఒకరు భారతం చదువుతుంటే, అక్షరం రానివాళ్లు కూడా చుట్టూ కూర్చుని వినేవాళ్లు. పర్వం పర్వం వాళ్లకు నోటికి వచ్చేది. కాగితం మీది నలుపు వాళ్ల మధ్య మనుషులై తిరిగింది ఆ చదివే గొంతు వల్లే. ఇప్పుడు పిల్లలకు చదవడం వచ్చాక పెద్దలు పైకి చదవడం మానేస్తున్నారు. మో తొమ్మిదేళ్లు భయంతో మానేశాడు. మనం తీరిక లేదని మానేస్తున్నాం.

రాసేవాళ్లకు ఈ దేశం చెప్పేది వేరు. మీ కలం నుంచి జారిన మాట ఇంకొకరి గొంతులో ఏమవుతుందో మీకు తెలియదు, కాబట్టి ఒళ్లు దగ్గర పెట్టుకుని రాయండి అంటుంది. చదివేవాళ్లతో, మీరు లేకపోతే రాసిందంతా ఎండిన మసి అంటుంది. రెండూ నిజమే.

ఈ ఆదివారం ఇంట్లో ఏదో ఒక కథల పుస్తకం తీయండి. తెలుగుదైనా, మరో భాషదైనా సరే. పిల్లల్ని పక్కన కూర్చోబెట్టుకుని ఒక అధ్యాయం తడబడకుండా, తొందరపడకుండా పైకి చదవండి. వచ్చే ఆదివారం రెండో అధ్యాయం చదవండి.